క్షమించిన తరువాత ఫిర్యాదు చేయవచ్చునా?

ధ్యాన భాగములు: లూకా 18:1–8, అపొస్తలుల కార్యములు 23:12–24, 24:24–27, 25:9–12



లూకా సువార్త 18వ అధ్యాయములోని విధవరాలి ఉపమానమును మనము ప్రార్థన కూటములలో పలుమారులు వినియున్నాము. విసుగక ప్రార్థించుటను నేర్పుటకే ప్రభువు దానిని చెప్పెను. అందులో సందేహము లేదు. అయితే ప్రభువు ఆ విధవరాలిని మనకు ఎక్కడ చూపించుచున్నాడు? ఆమె యింటిలో కాదు, న్యాయాధిపతి వాకిట. ఆమె అడిగినది భిక్ష కాదు, పగతీర్చుకొనుట కాదు. తనకును తన ప్రతివాదికిని మధ్య న్యాయము జరుగవలెనని అడిగెను. ఆ అధికారికి దైవభయమును లేదు, మనుష్యులయెడల గౌరవమును లేదు. అయినను ఆమె వెళ్లుట మానలేదు. ఆమె అట్లు వెళ్లుట తప్పని ప్రభువు ఒక్క మాటయైనను పలుకలేదు.

ఈ సంగతిని గమనింపకయే మేము అనేక సంవత్సరములు ఈ భాగమును ప్రసంగించితిమి. గమనించునట్లు చేసినది మా సంఘములోని ఒక తల్లి.

కొంతకాలము క్రిందట మా పాస్టరేటులోని ఒక పల్లెలో, కూలిపని చేసికొని బ్రదుకు కుటుంబములోని పందొమ్మిదేండ్ల అమ్మాయి పట్టణములోని డిగ్రీ కాలేజీకి బస్సులో వెళ్లి వచ్చుచుండెను. పొరుగూరి యువకుడొకడు ఆమెను వెంబడింప మొదలుపెట్టెను. బస్సు వెనుక మోటారు సైకిలు మీద వచ్చుట, కాలేజీ గేటునొద్ద కాచుకొని యుండుట, ఒక నంబరును ఆపివేసిన మరియొక నంబరునుండి ఫోను చేయుట, ఇట్లు సాగెను. తనకు ఇష్టము లేదని ఆమె స్పష్టముగా చెప్పెను. అయినను వాడు మానలేదు. తండ్రి స్టేషనుకు వెళ్లి కాగితమిచ్చెను. అక్కడివారు కాగితము తీసికొని, రసీదు ఇయ్యక, “పిలిచి మందలిస్తాంలే, వెళ్లు” అనిరి. రెండవసారి వెళ్లినప్పుడు, “ఆడపిల్ల సంగతి. కేసంటే మీకే పరువు తక్కువ. పెద్దమనుషుల్లో కూర్చుని రాజీ చేసుకోండి” అని పంపివేసిరి. మూడవసారి ఆ తండ్రి స్టేషనుకు వెళ్లలేదు, మాయొద్దకు వచ్చెను.

మేమేమి చెప్పితిమో ఒప్పుకొనవలసియున్నది. “క్షమించండి, ప్రార్థన చేద్దాం, దేవుడే చూసుకుంటాడు” అని చెప్పి పంపితిమి. అమ్మాయి కాలేజీ మానివేసెను. రెండు ఆదివారములు గడచెను. ఒకనాడు ఆరాధన ముగిసి జనులు వెళ్లిపోయిన మీదట ఆమె తల్లి వచ్చి, “అయ్యగారూ, మీరు చెప్పినట్టే క్షమించేశామండీ. మరి రేపు పిల్ల బస్సెక్కేదెట్లాగండీ?” అని అడిగెను.

మాయొద్ద జవాబు లేకపోయెను. ఆ జవాబు కొరకు వాక్యమును మరల చదివితిమి, చట్టము తెలిసినవారిని అడిగితిమి. తెలిసికొన్నది మీతో పంచుకొనుటకే ఈ నాలుగు మాటలు.

క్షమించుట వేరు, గండి పూడ్చుట వేరు

క్షమించుట అనగా మనకు కీడు చేసినవాని మీది పగను హృదయములోనుండి తీసివేసి, ప్రతిదండనను దేవునికి అప్పగించుట. రోమీయులకు వ్రాసిన పత్రిక 12వ అధ్యాయము మనకు నేర్పునది ఇదే. అయితే కీడు చేయుచున్నవానికి ఇంకను చేయుటకు సెలవిచ్చుట క్షమాపణ కాదు. ఎవడో గట్టు తెంచగా నీరంతయు మన మడిమీద పడుచున్నదనుకొనుడి. తెంచినవానిని క్షమించితిమని చెప్పి గండి పూడ్చక ఊరకుండు రైతు ఎవడైన ఉన్నాడా? క్షమించవలెను, గండియు పూడ్చవలెను. ఒకటి చేసినందున రెండవది అక్కరలేకపోదు.

మరియొక మాట. దెబ్బ తిన్నవారు క్షమించుట గొప్ప త్యాగము. దెబ్బ తిననివారు వారిని క్షమింపుడని తొందరపెట్టుట బహు సులువు. మేము చేసినది ఈ రెండవది. ఆ యువకుని ఇంటివారు పలుకుబడి గలవారు. వారితో మాట వచ్చిన సంఘమునకు ఇబ్బంది కలుగునని మాకు లోలోపల భయముండెను. ఆ భయమునకే మేము క్షమాపణ అని పేరు పెట్టితిమి. దేవుడు మమ్మును క్షమించును గాక.

మనలో పుట్టు మూడు అభ్యంతరములు

మొదటిది: ఒక చెంప మీద కొట్టిన రెండవ చెంప చూపుమని ప్రభువు నేర్పెను గదా! అవును, మత్తయి 5:39లో ఆ బోధ ఉన్నది. అయితే ప్రధానయాజకుని యెదుట బంట్రౌతు తన్ను కొట్టినప్పుడు ప్రభువు తిరిగి కొట్టలేదు, ఊరకయు ఉండలేదు. తాను పలికినది తప్పయితే నిరూపింపుమనియు, కానియెడల ఎందుకు కొట్టితివనియు అడిగెను (యోహాను 18:22, 23). దెబ్బను సహించెను గాని అది న్యాయమని ఒప్పుకొనలేదు. అంతేగాక, ఎవరి చెంపను వారే చూపవచ్చును. తన కుమార్తె చెంపను చూపుటకు తండ్రికి గాని, తన సంఘములోని పిల్ల చెంపను చూపుటకు పాస్టరుకు గాని ప్రభువు అధికారమియ్యలేదు.

రెండవది: విశ్వాసులు కోర్టులకెక్కరాదని 1 కొరింథీయులకు 6వ అధ్యాయములో పౌలు వ్రాసెను గదా! అక్కడ పౌలు మాటలాడినది సహోదరుల మధ్య లోకసంబంధమైన వ్యాజ్యెములను గూర్చి. అట్టివి సంఘములోని బుద్ధిమంతులు తీర్చవచ్చును. ఒక పిల్లను భయపెట్టుట పొలము సరిహద్దు తగవు వంటిది కాదు. అది నేరము. నేరస్థుని అదుపు చేయుటకే దేవుడు అధికారులను నియమించెనని అదే పౌలు రోమీయులకు వ్రాసెను. వెంబడించువాడు మన సంఘస్థుడైనను సంగతి ఇంతే.

మూడవది: అధికారులకు లోబడవలెను గదా! స్టేషనువారు వద్దన్న తరువాత పైకి వెళ్లుట వారిని ఎదిరించుట కాదా? ఈ ప్రశ్నకు పౌలు జీవితమే జవాబు. యెరూషలేములో నలువదిమందికంటె ఎక్కువమంది అతని చంపుదుమని ఒట్టు పెట్టుకొనిరి. ఆ మాట అతని మేనల్లుడు విని చెప్పినప్పుడు, పౌలు వానిని సహస్రాధిపతియొద్దకు పంపెను. ఆ రాత్రియే 200 మంది సైనికులు, 70 మంది రౌతులు, 200 మంది ఈటెలవారు అతనికి కావలిగా సిద్ధపడిరి. పౌలు ఆ కావలిని వద్దనలేదు. దానివలన అతని విశ్వాసము తక్కువ కాలేదు.

తరువాత ఏమి జరిగెను? అధిపతియైన ఫేలిక్సు పౌలు సంగతి తేల్చక రెండు సంవత్సరములు సాగదీసెను. పౌలు తనకు ద్రవ్యమిచ్చునని అతడు ఆశించెనని లూకా దాచక వ్రాసెను. తరువాత వచ్చిన ఫేస్తు కొందరిని సంతోషపెట్టుటకై అతనిని తిరిగి యెరూషలేమునకు పంపజూచెను. అప్పుడు పౌలు లంచమియ్యలేదు, అల్లరి రేపలేదు, ఎవరిని శపింపలేదు. రోమా పౌరునికి చట్టము ఇచ్చిన హక్కును పట్టుకొని కైసరునకు చెప్పుకొందుననెను. రోమాకు చేరిన మీదట, తన జనుల మీద నేరము మోపుటకై తాను అట్లు చేయలేదని చెప్పెను (అపొ. కార్య. 28:19). చూచితిరా! పైఅధికారికి చెప్పుకొన్న ఆ మనుష్యునిలోనే క్షమించు హృదయమును ఉండెను. అధికారమనగా స్టేషనులో కూర్చున్న ఒక్క మనుష్యుడు కాదు. ఆయనయు చట్టమునకు లోబడినవాడే. ఆయన చేయనిది పైవారికి తెలియజేయుట ఆ చట్టమునకు లోబడుటయే.

చట్టము చూపు మెట్లు

2024 జూలై 1 నుండి మన దేశములో భారతీయ న్యాయ సంహిత, భారతీయ నాగరిక సురక్షా సంహిత అమలులోనికి వచ్చినవి. స్త్రీని ఆమె ఇష్టము లేదని చెప్పినను పదే పదే వెంబడించుట, మాటలాడజూచుట న్యాయ సంహిత 78వ సెక్షను క్రింద నేరము. మొదటిసారి మూడేండ్ల వరకు, మరల చేసిన ఐదేండ్ల వరకు జైలు శిక్ష విధింపవచ్చును. ఇది చట్టములో ప్రత్యేక నేరముగా చేరినది 2013లోనే. స్త్రీ మర్యాదకు భంగము కలిగించు మాటలు, సైగలు 79వ సెక్షను క్రిందికి వచ్చును.

మొదటి మెట్టు స్టేషను. సురక్షా సంహిత 173వ సెక్షను ప్రకారము ఫిర్యాదు నోటితో చెప్పినను చాలును. వారే వ్రాసికొని, చదివి వినిపించి, సంతకము తీసికొని, ఎఫ్‌ఐఆర్ నకలు ఉచితముగా ఇయ్యవలెను. ఇట్టి నేరములలో బాధితురాలే చెప్పుచున్నప్పుడు స్త్రీ అధికారి వ్రాసికొనవలెను. “ఇది మా స్టేషను పరిధి కాదు” అని త్రిప్పిపంపరాదు. ఏ స్టేషనులోనైనను నమోదు చేయవలెను. 2019 నవంబరు 27 రాత్రి శంషాబాదు దగ్గర ఒక యువ పశువైద్యురాలు కనబడకపోయినప్పుడు ఇంటివారు పరిధుల పేరిట తిరుగవలసివచ్చినది. ఆలస్యము చేసిరని ముగ్గురు పోలీసు సిబ్బందిని పిమ్మట సస్పెండు చేసిరి. ఆ రాత్రి పోయిన గంటలను ఎవరును తిరిగి ఇయ్యలేకపోయిరి.

పోలీసులు స్వయముగా కేసు పెట్టదగిన నేరము ఫిర్యాదులో కనబడినప్పుడు ఎఫ్‌ఐఆర్ నమోదు చేయుట తప్పనిసరియని 2013 నవంబరు 12న సుప్రీంకోర్టు ఐదుగురు న్యాయమూర్తుల ధర్మాసనము లలితా కుమారి కేసులో తీర్పు చెప్పెను. క్రొత్త చట్టములో ఒక మార్పు వచ్చినది. మూడేండ్లు మొదలుకొని ఏడేండ్లలోపు శిక్షగల నేరములలో, డీఎస్పీ అనుమతితో, పదునాలుగు దినములలోపల ప్రాథమిక విచారణ చేయవచ్చును. గనుక “విచారిస్తున్నాము” అని చెప్పినయెడల, అనుమతి తీసికొనిరా, గడువు ఎప్పుడు ముగియునని మర్యాదగా అడుగవచ్చును.

రెండవ మెట్టు జిల్లా ఎస్పీ. స్టేషనులో నమోదు చేయనియెడల, సంగతిని కాగితము మీద వ్రాసి పోస్టులో ఎస్పీకి పంపవలెనని అదే 173వ సెక్షను నాలుగవ ఉపభాగము చెప్పుచున్నది. నేరము జరిగినట్లు తోచిన ఆయన తానే దర్యాప్తు చేయవలెను, లేదా క్రింది అధికారిచేత చేయింపవలెను. ఎప్పుడు, ఎక్కడ, ఏమి జరిగెనో, స్టేషనుకు ఏయే తేదీలలో వెళ్లితిమో వరుసగా వ్రాయుడి. స్పీడు పోస్టులో పంపి, ఆ రసీదును, కాగితపు నకలును భద్రపరచుడి. బైబిలులో పెట్టుకొన్నను మంచిదే, పోదు.

మూడవ మెట్టు మేజిస్ట్రేటు. ఎస్పీకి వ్రాసినను ఫలితము లేనియెడల, 175వ సెక్షను మూడవ ఉపభాగము క్రింద దరఖాస్తు పెట్టవచ్చును. దానికి ప్రమాణపత్రము, అనగా అఫిడవిట్టు, జతపరచవలెను. మేజిస్ట్రేటు పోలీసుల మాటయు విని, తగునని తోచిన దర్యాప్తునకు ఆజ్ఞాపించును. ఇదిగాక 223వ సెక్షను క్రింద నేరుగా మేజిస్ట్రేటు ఎదుట ప్రైవేటు కంప్లయింటు వేసి, ప్రమాణము మీద సాక్ష్యము చెప్పుకొను మార్గము కూడ ఉన్నది. హైకోర్టు తలుపు ఎప్పుడును ఉన్నది గాని, ముందు ఈ మెట్లు ఎక్కి రావలెనని సుప్రీంకోర్టు 2007లో చెప్పెను.

స్త్రీల మీది కొన్ని నేరములలో ఫిర్యాదు నమోదు చేయని అధికారికే న్యాయ సంహిత 199వ సెక్షను క్రింద ఆరు నెలలకు తక్కువ కాకుండ రెండేండ్ల వరకు కఠిన శిక్ష ఉన్నది. పైన చెప్పిన 79వ సెక్షను నేరము వాటిలో చేరినది. ఈ మాట అధికారిని బెదిరించుటకు కాదు, ధైర్యము చెడిన తండ్రి తెలిసికొనుటకు వ్రాయుచున్నాము.

“వకీలుకు డబ్బెక్కడిది?” అని మీరందురు. 1987 నాటి న్యాయ సేవల అధికార సంస్థల చట్టము ప్రకారము స్త్రీలకును పిల్లలకును ఆదాయముతో పనిలేకుండ ఉచితముగా న్యాయవాదిని ఇచ్చెదరు. జిల్లా కోర్టులోని న్యాయ సేవాధికార సంస్థను గాని, 15100 నంబరును గాని అడుగవచ్చును. అపాయము ఎదురుగా ఉన్నప్పుడు 112, స్త్రీల సహాయమునకు 181.

“మేము క్రైస్తవులము, చట్టము మాకు వర్తించునా?” అని కొందరు అడుగుచున్నారు. హిందువులు, సిక్కులు, బౌద్ధులు గాక ఇతర మతస్థులను 1950 నాటి రాష్ట్రపతి ఉత్తర్వు షెడ్యూల్డు కులస్థులుగా ఎంచదు. గనుక 1989 నాటి అత్యాచారముల నిరోధక చట్టము విషయములో మనవారికి చిక్కులు కలుగుచున్నవి. ఆ సంగతి న్యాయవాదిని అడిగి తెలిసికొనవలెను. అయితే మేము పైన చెప్పిన మెట్లలో ఏదియు ఎక్కువాని కులమును అడుగదు, మతమును అడుగదు.

అమ్మాయి పదునెనిమిది ఏండ్లలోపుదైనచో సంగతి ఇంకను గంభీరము. 2012 నాటి పోక్సో చట్టము ప్రకారము పిల్లల మీద లైంగిక నేరము జరిగెనని తెలిసిన ప్రతివాడును పోలీసులకు తెలుపవలెను. తెలిసి తెలుపకపోవుట శిక్షింపదగిన నేరము. పాస్టరుకు గాని, సంఘపెద్దలకు గాని ఇందులో మినహాయింపు లేదు. అట్టి సంగతిని పంచాయితీలో కూర్చుండి మాన్పుటకు మనకు అధికారమే లేదు.

మేము చూచినది

మేము ఆ తండ్రిని మరల పిలిచి, మా మొదటి సలహా తప్పని చెప్పి, క్షమాపణ కోరితిమి. ఒక సంఘపెద్దయు మేమును అతనితో కూడ స్టేషనుకు వెళ్లితిమి. ఈసారి నకలు మీద తేదీతో ముద్ర వేయించుకొంటిమి. నమోదు చేయలేదు. ఎస్పీకి వ్రాసితిమి. మూడు వారముల తరువాత స్టేషనునుండి కబురు వచ్చెను. స్త్రీ అధికారి అమ్మాయి మాటలను వ్రాసికొని ఎఫ్‌ఐఆర్ నకలు ఇచ్చెను. వెంబడించుట నిలిచిపోయెను. కేసు ఇంకను కోర్టులో ఉన్నది. తండ్రికి అనేక దినముల కూలి పోయెను. అమ్మాయికి ఒక సంవత్సరము చదువు వెనుకబడెను. ఇది విజయమని మేము చెప్పము. అయితే ఆమె మరల బస్సెక్కుచున్నది.

ఆ యువకుని తల్లిని చూచుటకు కూడ మేము వెళ్లితిమి. ఆమె ఏడ్చుచు, “మొదట్లోనే ఎవరైనా గట్టిగా అడ్డం పడుంటే మావాడు ఇంతదాకా వచ్చేవాడు కాదండీ” అనెను. ఆ మాట మమ్మును పొడిచెను. పొరుగువానిని గద్దింపక ఊరకున్నయెడల వాని పాపములో మనకును పాలుండునని లేవీయకాండము 19:17 నేర్పుచున్నది. మేము ఊరకుండుటచేత ఆ అమ్మాయికి మాత్రమే గాక ఆ యువకునికిని కీడు చేసితిమి. పాపములో ఇంకను లోతునకు పోవువానిని ఆపుట వానిని ప్రేమించుటయే.

సంఘమునకు మనవి

ఫిర్యాదులో జరిగినది మాత్రమే వ్రాయుడి. కోపముతో ఒక్క మాటయు కలుపవద్దు. అబద్ధ సాక్ష్యము ఆజ్ఞాతిక్రమము. కేసును చూపి డబ్బు బేరము చేయవద్దు. అట్లు చేసిన న్యాయము కోరినవారము కాము, వ్యాపారము చేసినవారమగుదుము. నేరము చేసినవాని కొరకు పేరు పెట్టి ప్రార్థించుడి.

బాధపడిన ఇంటిని గూర్చి బావియొద్దను, అరుగుల మీదను మాటలాడుకొనవద్దు. “ఆ పిల్లకు పెండ్లి ఎట్లగును?” అని అడుగు నోరు వెంబడించినవానికి తోడ్పడుచున్నది. దానికి బదులు, మేము తోడు వత్తుమని ఇద్దరు లేచి ఆ తండ్రితో స్టేషనుకు నడువుడి. ఆ దినపు కూలి పోయిన ఇంటికి సంచి బియ్యము పంపుడి. వ్రాయనేర్చినవారు కాగితము వ్రాసిపెట్టుడి.

ఉపమానములోని విధవరాలు ఎవరి తోడును లేక ఒంటరిగా ఆ వాకిటికి వెళ్లెను. ఆమె వెంట ఎవరైన ఉండిరని ప్రభువు చెప్పలేదు. మన గ్రామములలో ఇకమీదట అట్లు జరుగకూడదు. ఆ తల్లి అడిగిన ప్రశ్న రేపు మరియొక తల్లి అడుగును. అప్పుడు “క్షమించమ్మా” అని చెప్పి ఆగక, “పదమ్మా, మేమూ వస్తాం” అని చెప్పుటకు ప్రభువు మనకందరికిని కృప దయచేయును గాక. ఆమేన్.